ఉమ్మడి ఫైలు

సోమవారం పదిన్నరకి కరెంటు వచ్చింది. స్వర్ణ చెప్పులు గుమ్మం బయట విడిచి లోపలికెళ్లింది. యూపీఎస్ ఆన్ చేసి, కంప్యూటర్ మీద కప్పిన గుడ్డ తీసి మడతపెట్టింది. కుల ధ్రువీకరణ రిజిస్టరు బొమ్మ మీద రెండుసార్లు నొక్కింది. రిజిస్టరు తెరుచుకోలేదు. చిన్న పెట్టె ఒకటి వచ్చింది. అందులో ఇంగ్లీషులో ఒక్క వాక్యం ఉంది. ఈ డేటాబేసు రూపాన్ని గుర్తించలేకపోతున్నాను అని దాని అర్థం. కింద ఓకే తప్ప ఇంకో బొత్తాం లేదు.

ఓకే నొక్కింది. మళ్లీ తెరిచింది. అదే పెట్టె. కంప్యూటర్ ఆపి, వంద లెక్కపెట్టి, మళ్లీ వేసింది. అదే పెట్టె.

వెనకనించి సూపరింటెండెంటు గణపతిరావు వచ్చి నిలబడ్డాడు. ఆయనది శృంగవరపుకోట. లిట్టిగెడ్డ మండల ఆఫీసుకి బదిలీ అయి నాలుగేళ్లయినా వారం వారం కిందికి దిగి, సోమవారం పొద్దుటి బస్సుకి పైకొస్తాడు. చేతిలో సంచీ ఇంకా అలాగే ఉంది.

"ఏటయింది?"

"రిజిస్టరు తెరుచుకోట్లేదు సార్."

"మొన్నటిదాకా తెరుచుకుంది కదా."

"శుక్రవారం తెరుచుకుంది. శనివారం అనిల్ గారొచ్చి కాఫీ మొక్కల ప్రోగ్రాం ఎక్కించారు. ఆ తర్వాత తెరవడం ఇదే."

"అంటే అనిల్ చెడగొట్టాడంటావు."

ఆమె రిజిస్టరు ఉండే ఫోల్డరు తెరిచింది. డేటా ఫైలు మీద వేలు పెట్టి చూపించింది. నలభై ఒక్క లక్షల బైట్లు. చివరి తేదీ శుక్రవారం, సాయంత్రం నాలుగూ యాభై.

"పేర్లన్నీ ఇందులోనే ఉన్నాయి సార్. ఏదీ పోలేదు."

"ఉంటే చూపించు."

"చూపించే ఫైలు మారిపోయింది."

"బియ్యం ఉన్నాయిగానీ వండే కుండ లేదంటావు. ఎవరికి చెబుతున్నావే ఈ కబుర్లు?" సంచీ బల్లమీద పెట్టి గణపతిరావు ఫోను దగ్గరికి వెళ్లాడు.

శనివారం ఏం జరిగిందో స్వర్ణ చూసింది. విశాఖపట్నంలోని ఒక కంపెనీ తరఫున అనిల్ మండలాలు తిరుగుతున్నాడు. కాఫీ మొక్కలు ఎవరికి ఎన్ని ఇచ్చారో రాసుకునే ప్రోగ్రాం సీడీలో తెచ్చాడు. ఆమె కుర్చీలో కూర్చుని, ఎడంచేత్తో టీ తాగుతూ ఎక్కించాడు. మధ్యలో పెట్టె వచ్చింది. ఇప్పుడు ఎక్కిస్తున్న ఫైలుకన్నా మీ కంప్యూటర్లో ఉన్న ఫైలు కొత్తది, ఉన్నదాన్నే ఉంచమంటారా అని అడిగింది. అనిల్ నో నొక్కాడు. మూడు ఫైళ్లకి మూడుసార్లు అడిగింది. మూడుసార్లూ నో నొక్కాడు. ఎందుకండీ అని స్వర్ణ అడిగితే, "యెస్ కొడితే మా ప్రోగ్రాం ఎర్రర్ ఇస్తుంది. నీకెందుకివన్నీ?" అన్నాడు.

ఆ మూడు ఫైళ్లూ ఏ ఒక్క ప్రోగ్రాముకీ సొంతం కావు. డి.ఎల్.ఎల్ అంటారు. విండోస్ ఉండే ఉమ్మడి ఫోల్డర్లో ఉంటాయి. డేటాని దాచడం, తీయడం అవి చూస్తాయి. రిజిస్టరూ వాటినే పిలుస్తుంది, కాఫీ మొక్కలూ వాటినే పిలుస్తాయి. కొత్తవాటితో రాసిన రిజిస్టరు పాతవాటికి అర్థం కాదు. ఇంతే జరిగింది. స్వర్ణకి ఇది సోమవారం పదకొండున్నరకే తెలుసు. చెప్పింది కూడా.

గణపతిరావు ఫోనులో అనిల్ చెప్పేది వింటున్నాడు. "వైరస్సా... ఫ్లాపీ పెట్టి ఉంటుందా... అవునవును, ఆడపిల్లలు పాటలనీ అవనీ తెస్తుంటారు... ఉండండి, రాసుకుంటాను. ఊఁ, చెప్పండి." రిసీవరు భుజానికి నొక్కిపట్టి తెల్లకాగితం మీద రాశాడు. "వైరస్ ప్రవేశానికి... కారణమై... ఊఁ... తర్వాత?"

ఫోను పెట్టేసి కాగితం తెచ్చి కీబోర్డు మీద పెట్టాడు.

"నేను నా నిర్లక్ష్యం వలన బయటి ఫ్లాపీని కంప్యూటరులో ఉపయోగించి, వైరస్ ప్రవేశానికి కారణమై, కుల ధ్రువీకరణ రిజిస్టరును చెరిపివేసితిని. ఇందుకు నేనే పూర్తి బాధ్యురాలను."

"సంతకం పెట్టు. పైకి పంపించి మూసేస్తాను. నీకేం కాదు."

"నేను చెరపలేదు సార్."

"చూడు, ఇవాళ సోమవారం. గురువారం సంత. కాగితాల కోసం నూటయాభై మంది దిగుతారు. వాళ్లకి నేనేదో ఒకటి చెప్పాలి, డివిజన్ ఆఫీసుకి ఏదో ఒకటి రాయాలి. ఆలోపు సంతకం పెట్టకపోతే నువ్వు ఇంటికెళ్లు, ఇంకో పిల్లని చూసుకుంటాం. ఈ కొండల్లో కంప్యూటర్ నేర్చినదానివి నువ్వొక్కదానివే అనుకుంటున్నావేటి?"

స్వర్ణ కాగితం తీసి ప్రింటరు పక్కన పెట్టింది. మౌసు పట్టుకుని, పెట్టెలో ఓకే నొక్కింది.

మధ్యాహ్నం సోంబరు వచ్చాడు. పన్నెండు కిలోమీటర్లు నడిచి వచ్చాడు. గొడుగు గుమ్మం బయట ఆనించి, తువ్వాలుతో కాళ్లు తుడుచుకుని లోపలికొచ్చాడు. కూతురు మాధవికి నర్సు చదువు కోసం శుక్రవారం విశాఖపట్నం రమ్మని ఉత్తరం వచ్చింది. కులం కాగితం లేకపోతే సీటు లేదు. గురువారానికి ఇస్తామని ఆఫీసులో చెప్పి ఉన్నారు. అయినా ఒకసారి అడిగి వెళ్దామని వచ్చాడు.

"అడుగు, ఆవిణ్ణే అడుగు" అన్నాడు గణపతిరావు. "మీ పిల్లే. మీ రిజిస్టరంతా తుడిచేసి కూర్చుంది."

సోంబరు స్వర్ణవైపు చూశాడు. "నిజమేనేటి పాపా?"

"లేదు మావా. ఉంది. తెరుసుకోట్లేదు."

"చేతిరాత రిజిస్టర్లో చూసి ఇయ్యండి బాబూ" అన్నాడు సోంబరు గణపతిరావుతో.

గణపతిరావు బీరువాలోంచి పాత రిజిస్టరు తీసి, పేజీ తిప్పి, అతని ముందుకు తోశాడు. సోంబరు, తండ్రి బుధు. ఆ ఊరి పేజీలో ఆ వరస ఆరుసార్లు ఉంది. సోమవారం పుట్టినవాడు సోంబరు, బుధవారం పుట్టినవాడు బుధు. ఇంటిపేరూ ఒకటే. ఏ సోంబరు ఎవరో ఆ పుస్తకం చెప్పదు. స్వర్ణ రెండేళ్లపాటు ఊరికొకసారి వెళ్లి, ప్రతి పేరు పక్కనా తల్లి పుట్టింటి పేరూ, ఇల్లు ఏ వీధి చివరో రాసుకొచ్చి కంప్యూటర్లో ఎక్కించింది. అది లేకపోతే రెవెన్యూ ఇన్‌స్పెక్టరు మళ్లీ ఊరెళ్లి విచారణ చెయ్యాలి. నెల పడుతుంది.

"ఇందులో నువ్వెవరివో చెప్పు, రాసిచ్చేస్తాను" అన్నాడు గణపతిరావు.

సోంబరు పేజీమీంచి తలెత్తాడు. స్వర్ణతో అన్నాడు: "కిందనించొచ్చినోల్లు తిప్పుతారు. అది అలవాటే. నువ్వు ఆ కుర్సీ ఎక్కినావు, ఇంక మా పని బేగవుద్దనుకున్నాం. నువ్వు తుడిసీసావు."

గొడుగు తీసుకుని వెళ్లిపోయాడు.

మంగళవారం స్వర్ణ సెలవు చీటీ రాసి అటెండరు కొండబాబు చేతికిచ్చింది. "ఎక్కడికే?" అన్నాడతను. "దాలిమెట్ట" అంది. అతను చీటీ రెండువైపులా తిప్పి చూశాడు. "సంతకం పెట్టీరాదేటి? కాయితమే కదా. నాను ఇరవయ్యేళ్లలో ఎన్నింటికి పెట్టీసేనో నాకే తెలీదు" అన్నాడు.

దాలిమెట్ట పక్క మండలం. జీపు వెనక నిలబడి వెళితే గంటన్నర. అక్కడ రిజిస్టరు చూసేవాడు పాంగి కామేష్. ఇద్దరూ ఒకే కోర్సులో చదివారు. స్వర్ణది కిల్లో ఇంటిపేరు. పాంగి వాళ్లు కిల్లో వాళ్లకి బావల వరస. చుట్టరికం లేకపోయినా కోర్సు మొదటిరోజే ఇద్దరూ ఇంటిపేర్లు అడుక్కుని ఆ పిలుపు ఖాయం చేసుకున్నారు. అతని కంప్యూటర్లోంచి మూడు ఫైళ్లూ తెచ్చుకోవచ్చని ఆమె రెండు ఫ్లాపీలు సంచీలో వేసుకుంది.

కామేష్ కుర్చీ ఖాళీగా ఉంది. పక్కబల్ల దగ్గర సీనియర్ అసిస్టెంటు ఆదినారాయణ పేపరు చదువుతున్నాడు.

"కామేష్ లేడండీ?"

"ఉండడు. తీసేశాం."

"ఎందుకండీ?"

"రిజిస్టరు చెరిపేశాడు. మావాడు మగాడమ్మా, ఒప్పేసుకున్నాడు." సొరుగు లాగి ఒక కాగితం తీశాడు. "నువ్వు లిట్టిగెడ్డ పిల్లవి కదూ. గణపతిరావు ఫోనులో చెప్పాడు, సంతకం పెట్టనని మొండికేశావట. ఇదిగో చూడు, ఎలా ఉండాలో."

స్వర్ణ చదివింది. "నేను నా నిర్లక్ష్యం వలన బయటి ఫ్లాపీని కంప్యూటరులో ఉపయోగించి, వైరస్ ప్రవేశానికి కారణమై..." చేతిరాత వేరు. చివర బాధ్యురాలను అన్నచోట బాధ్యుడను అని ఉంది. మిగతాదంతా కామాలతో సహా అదే.

"ఇక్కడికి అనిల్ గారు ఎప్పుడొచ్చారండీ?"

"పోయిన గురువారం. అయితే?"

"ఒకసారి కంప్యూటర్ చూడనిస్తారా?"

ఆదినారాయణ ఆమె సంచీ వైపు చూశాడు. పైకి ఫ్లాపీ మూల కనపడుతోంది. "ఇంకో వైరస్ ఎక్కిస్తావా? వెళ్లమ్మా, వెళ్లు."

కామేష్ ఊరు ఆఫీసుకి రెండు కిలోమీటర్లు. అతను గెడ్డ ఒడ్డున చోడి చేనులో కలుపు తీస్తున్నాడు. ప్యాంటు మోకాళ్ల వరకు మడిచి ఉంది. ఆఫీసుకి వేసుకెళ్లే ప్యాంటే.

"ఏటి బావా, ఉద్యోగం ఒగ్గీసి కలుపు తీత్తన్నావు?"

"నానెక్కడొగ్గేను మరదలా. అదే నన్నొగ్గీసింది." అతను నడుం ఎత్తలేదు. "నువ్వూ సంతకం ఎట్టీసేవా?"

"నేదు."

"ఎట్టకు. ఎడితే ఏటీ అవదన్నారు. ఎట్టేను. మర్నాడు నువ్వే ఒప్పుకున్నావు కదా, ఇంకేటి మాటలు, పొమ్మన్నారు."

స్వర్ణ గట్టుమీద కూర్చుంది. "ఇక్కడా నో కొట్టేడా?"

"మూడుసార్లు. అడిగితే నీకెందుకన్నాడు."

"నాకూ అదే మాట. కొత్తవి కావాల బావా. ఆ రిజిస్టరు చేసిన కంపెనీ మూసీసేరు, సీడీ ఎవల కాడా నేదు. ఆ అనిలు ఎల్లని మిసను ఏదో ఒకటి ఉండాల."

కామేష్ చేతిలోని గడ్డి మట్టి దులిపి గట్టుమీద పెట్టాడు. "నేరేడుపుట్టు. రోడ్డు కోసుకుపోనాది కదా, ఆల జీపు ఎల్లదు. ఆ మిసను కొబ్బరికాయ కొట్టి మొదలెట్టేరు, అంతే. ముట్టుకున్నోడు నేడు. ఇంకోటి విను. తెచ్చి ఉమ్మడి ఫోల్డర్లో ఎట్టకు. ఎడితే రిజిస్టరు తెరుసుకుంటాది, కాఫీ మొక్కలు ఆగిపోతాయి. అప్పుడు అదీ నువ్వే సెడగొట్టినావంతారు."

"మరెక్కడెట్టాల?"

"రిజిస్టరు ఫోల్డర్లోనే, దాని పక్కన. పోగ్రాం ముందు సొంత ఇంట్లో ఎతుక్కుంటాది. నేకపోతేనే ఉమ్మడిదాని కాడికెల్తాది. కోర్సులో సారు ఒకసారి సెప్పేడు. నువ్వారోజు రాలేదు."

"నువ్వు సెయ్యలేదేం?"

"ముట్టుకోనిచ్చేరేటి?"

"రేపు నాతో రా."

"నాను ఆఫీసు గుమ్మం ఎక్కను" అన్నాడు కామేష్. మళ్లీ వంగాడు.

బుధవారం వాన పడింది. రోడ్డు తెగినచోట జీపు ఆగిపోయింది. అక్కడినించి స్వర్ణ బురదలో నాలుగు కిలోమీటర్లు నడిచింది. ఫ్లాపీలను ప్లాస్టిక్ సంచీలో చుట్టి జాకెట్టులో పెట్టుకుంది. నేరేడుపుట్టు ఆఫీసులో ఊడ్చే కనక తప్ప ఎవరూ లేరు. రోడ్డు పోయిన తొమ్మిది రోజులనించి అధికారులెవరూ రాలేదు. కనక మాత్రం రోజూ తాళం తీసి, ఊడ్చి, తాళం వేస్తోంది.

"కంపూటరా? దినమూ తుడిసేది నానే. ఏటి సేత్తావు దాన్ని?"

"అందులోవి మూడు ఫైళ్లు రాసుకెళ్తానమ్మా."

"దొంగిలించీసి ఒట్టుకెల్తావా? రేపు నన్నడుగుతారు."

"ఇక్కడిది తగ్గదు. ఉన్నది ఉన్నట్టే ఉంటది. దానిలాటిదే ఇంకోటి అవుద్ది."

కనక చీపురు గోడకి ఆనించింది. "అలగైతే మా మేకని ఒకపాలి అందులో ఎట్టీసి ఇంకోటి సేసియ్యి" అని తాళం తీసింది.

మానిటరు నుదుట కుంకుమబొట్టు ఎండి పొలుసులు లేచింది. కరెంటు కోసం రెండు గంటలు కూర్చున్నారు. వచ్చాక స్వర్ణ ఉమ్మడి ఫోల్డరు తెరిచి, మూడు ఫైళ్ల వెర్షన్ నెంబర్లు చూసింది. తన దగ్గరవాటికన్నా ఇవి పెద్దవి. ఒక ఫైలు పదిలక్షల బైట్లకి పైన ఉంది. దానికొక ఫ్లాపీ, మిగతా రెండింటికీ ఇంకొకటి. ఫ్లాపీ తిరుగుతున్నంతసేపూ కనక గుమ్మంలో నిలబడి చూసింది. అయ్యాక లోపలికొచ్చి, మానిటరు వెనకా కిందా వంగి, ఏమీ తగ్గలేదని చూసుకుని తాళం వేసింది.

గురువారం ఎనిమిదింటికే సంత నిండింది. ఆఫీసు అరుగుమీద జనం కూర్చున్నారు. తొమ్మిదింటికి కరెంటు ఉంది. స్వర్ణ మూడు ఫైళ్లూ రిజిస్టరు ఫోల్డర్లో వేసింది. రిజిస్టరు తెరిచింది. తెల్ల తెర వచ్చింది, తర్వాత గళ్లు, తర్వాత పేర్లు. చివరి పేరు దాకా వెళ్లింది. పదకొండువేల నాలుగువందల ఆరు. శుక్రవారం తను ఎక్కించిన చివరి నెంబరు అదే. రిజిస్టరు మూసి కాఫీ మొక్కలు తెరిచింది. అదీ తెరుచుకుంది.

ప్రింటరు మోత విని గణపతిరావు వచ్చాడు. సోంబరు కాగితం సగం బయటికొచ్చి ఉంది. ఆయన తెర చూశాడు, కాగితం చూశాడు.

"అంటే ఇన్నాళ్లూ దాచిపెట్టావన్నమాట."

"దాచలేదు సార్. నేరేడుపుట్టునించి కొత్త ఫైళ్లు తెచ్చాను. అనిల్ గారు..."

"నిన్న లేదు, ఇవాళ ఉంది. నువ్వు తీశావు, నువ్వే పెట్టావు. దీనికి ఇంకో అర్థం చెప్పు." ప్రింటరు పక్కనించి సోమవారం కాగితం తీశాడు. "సంతకం పెట్టు."

"వచ్చేసింది కదా సార్."

"వచ్చినందుకు కాదు, పోయినందుకు. పైకి రిపోర్టు రాసేశాను. పోనీ నిర్లక్ష్యం అన్నది కొట్టేసి అనుభవలేమి అని రాద్దామా?"

"వద్దు సార్."

ఎమ్మార్వో సంతకమైన కాగితం కొండబాబు తెచ్చి సోంబరుకిచ్చాడు. సోంబరు స్టాంపు మీద బొటనవేలు పెట్టి, సిరా అంటుతోందో లేదో చూసుకున్నాడు. మాధవి పక్కన నిలబడి తన పేరు చదివింది. "ఇదేదో సోమవారమే ఇత్తే ఏటి పోనాది?" అన్నాడు సోంబరు స్వర్ణతో. ఆమె తర్వాతి పేరు పిలిచింది.

సాయంత్రం దాకా తొంభైరెండు కాగితాలు ప్రింటు తీసింది. గణపతిరావు సంతకం మాట ఇంకో రెండుసార్లు ఎత్తాడు. మూడున్నరకి డివిజన్ ఆఫీసునించి ఫోను వచ్చింది. ఆయన లేచి నిలబడి మాట్లాడాడు. తొమ్మిది మండలాల్లో రిజిస్టర్లు తెరుచుకోవడం లేదు. లిట్టిగెడ్డలో ఎలా పనిచేస్తోందని అడుగుతున్నారు.

"మా పిల్ల బాగుచేసింది సార్" అన్నాడు గణపతిరావు. "నేను దగ్గరుండి చేయించాను."

శుక్రవారం అనిల్ జీపులో వచ్చాడు. వస్తూనే చెయ్యి చాపాడు. "ఫ్లాపీలివ్వు. నేను చూసుకుంటాను."

"ఎక్కడ పెట్టాలో తెలుసాండి?" అంది స్వర్ణ.

అనిల్ చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. శనివారం లాగా ఆమె కుర్చీలో కూర్చోలేదు. "సార్, ఈ అమ్మాయిని పంపించండి. ముందు దాలిమెట్ట వెళ్తాం. అక్కడ మనిషి కూడా లేడు."

"వెళ్లు" అన్నాడు గణపతిరావు.

"ఆ కాగితం ఇవ్వండి సార్."

"ఏ కాగితం?"

"నన్ను సంతకం పెట్టమన్నది."

గణపతిరావు అనిల్ వైపు చూశాడు. అనిల్ జీపు వైపు చూస్తున్నాడు. గణపతిరావు ఫైలు విప్పి కాగితం తీసి బల్లమీద పెట్టాడు. ఆమె చేతికి ఇవ్వలేదు. స్వర్ణ తీసి, నాలుగు మడతలు పెట్టి సంచీలో వేసుకుంది.

దారిలో అనిల్ ముందుసీట్లో కూర్చున్నాడు. సగం దారిలో వెనక్కి తిరక్కుండా అన్నాడు: "కంపెనీ వాళ్లు అలాగే ఎక్కించమన్నారు. నాకు పదకొండు మండలాలు, ఎనిమిది రోజులు." స్వర్ణ సంచీలో ఫ్లాపీలు సర్దుకుంది.

దాలిమెట్టలో ఆదినారాయణ కుర్చీ తుడిపించి ఉంచాడు. "రామ్మా, కూచో. బేగి కానియ్యి, రేపు మాకు సంత." స్వర్ణ కూర్చుంది. కామేష్ కుర్చీ తనదానికన్నా ఎత్తుగా ఉంది. కాళ్లు నేలకి అందలేదు. కంప్యూటర్ వేసింది. రిజిస్టరు మీద రెండుసార్లు నొక్కింది. సోమవారం తను చూసిన పెట్టే వచ్చింది. ఓకే నొక్కింది. రెండు నిమిషాల పని. ఫ్లాపీలు చేతిలో ఉన్నాయి.

"ఈ మాత్రం ఆ కామేష్‌గాడికి చేతకాలేదు" అన్నాడు ఆదినారాయణ అనిల్‌తో. "ఉద్యోగాలిస్తే సరిపోదండీ వీళ్లకి, బుర్ర ఉండాలి. పైనించి ఇంకో మనిషినిమ్మని రాశాను."

స్వర్ణ ఫ్లాపీని లోపలికి తొయ్యలేదు.

"పాస్‌వర్డు అడుగుతోందండీ" అంది.

"ఏం వర్డు?"

"కామేష్ పెట్టుకున్నది. అది కొట్టకపోతే లోపలికి పోనివ్వదు."

ఆ రిజిస్టరుకి పాస్‌వర్డు లేదు. పదకొండు మండలాల్లో ఎక్కడా లేదు. సోమవారంనించి ఆమె ఫైలు సైజు చెప్పింది, తేదీ చెప్పింది, మూడుసార్లు నో నొక్కడం చెప్పింది. ఎవరూ వినలేదు. ఈ మాట చెప్పగానే ఆదినారాయణ కళ్లజోడు తీసి తెరలోకి తొంగిచూశాడు.

"అదెలా? తీసేసినవాడి పాస్‌వర్డు మనకెందుకు? ఏమండీ అనిల్ గారూ?"

అనిల్ తెర చూశాడు. అక్కడ పాస్‌వర్డు అడిగే గడి ఏదీ లేదు. స్వర్ణ కుర్చీలో అతనివైపు తిరిగింది. అనిల్ గొంతు సవరించుకున్నాడు.

"అవునండీ" అన్నాడు. "ఆ మనిషే రావాలి."

అటెండరు సైకిలు మీద వెళ్లాడు. ముప్పావుగంటకి కామేష్‌ని వెంటబెట్టుకుని వచ్చాడు. కామేష్ గుమ్మం బయటే ఆగాడు. కాళ్లకి మట్టి ఉంది.

"ఏరా, పాస్‌వర్డేంటో చెప్పి వెళ్లు" అన్నాడు ఆదినారాయణ.

కామేష్ ఆయన్ని చూశాడు. "ఏ పాసు..." అని, కుర్చీలో ఉన్న స్వర్ణని చూసి ఆగిపోయాడు. స్వర్ణ కుర్చీలోంచి దిగి పక్కకి నిలబడింది.

"బావా, నువ్వే కొట్టాలి. నాకు రాదు" అంది.

కామేష్ గుమ్మం దగ్గర బకెట్లో కాళ్లు కడుక్కున్నాడు. తొందరపడలేదు. లోపలికొచ్చి కుర్చీ వెనక నిలబడ్డాడు.

"ఆ కాయితం మీద సంతకం ఎట్టిన్నాటినించి మర్సిపోయేనండి. ఓపాలి కాయితం సూత్తే గుర్తొత్తాదేమో."

ఆదినారాయణ మొహం ఎర్రబడింది. "వేషాలా?"

"రేపు సంత కదండీ" అంది స్వర్ణ.

ఆదినారాయణ సొరుగు లాగి కాగితం తీసి విసిరినట్టు బల్లమీద వేశాడు. కామేష్ దాన్ని మొదటినించి చివరిదాకా చదివాడు. మడిచి చొక్కా జేబులో పెట్టుకున్నాడు. కుర్చీలో కూర్చున్నాడు.

"రేపట్నించి రమ్మంతారాండి?"

ఆదినారాయణ అనిల్ వైపు చూశాడు. అనిల్ వాచీ చూసుకున్నాడు. ఎనిమిది మండలాలు ఇంకా మిగిలున్నాయి.

"రా" అన్నాడు ఆదినారాయణ. "ముందు పాస్‌వర్డు కొట్టు."

"పాస్‌వర్డు కొట్టినప్పుడు ఎవలూ సూడకూడదండి. అటు తిరగండి."

ఆదినారాయణ గోడవైపు తిరిగాడు. అనిల్ కూడా తిరిగాడు. అటెండరు వాళ్లని చూసి తనూ తిరిగాడు. ముగ్గురూ క్యాలెండరుకి ఎదురుగా నిలబడ్డారు. కామేష్ ఖాళీ తెరముందు తోచిన మీటలు నెమ్మదిగా కొట్టాడు. వాళ్లకి వినపడేలా, ఒక్కొక్కటే కొట్టాడు. కొట్టడం ఆపకుండానే ఎడంచెయ్యి పక్కకి చాపాడు. స్వర్ణ మొదటి ఫ్లాపీ అందించింది.

"అయిందా?" అన్నాడు ఆదినారాయణ గోడవైపే చూస్తూ.

"ఇంకా ఉందండి" అన్నాడు కామేష్. "కొంచెం పెద్దది."